మాటలను అరెస్టు చేసిన సారు

పోయిన నెల ఖమ్మంలో కొత్త ఫోను కొన్నాను. షాపులో పనిచేసే అమ్మాయి దాన్ని డబ్బాలోంచి తీసి, ఆన్ చేసి, నా చేతిలో పెట్టి, "ఇక్కడ 'ఒప్పుకుంటున్నాను' అని ఉంది గదా ఆంటీ, నొక్కెయ్యండి" అంది. నొక్కబోయి ఆగాను. దేనికి ఒప్పుకుంటున్నట్టు? పైన చూస్తే చీమల బారులా అక్షరాలు. సరే, చదవడం మొదలుపెట్టాను. ఆ అమ్మాయి ఒక కాలి మీంచి ఇంకో కాలి మీదికి మారింది. నా తర్వాత వచ్చిన ఇద్దరు ఫోన్లు కొనుక్కుని వెళ్ళిపోయారు కూడా. మూడో పేజీలో ఒక మాట కొరుకుడుపడక, "దీనికి అర్థమేంటమ్మా?" అని అడిగాను. "ఇది ఎవ్వరు చదవరు ఆంటీ!" అంది ఆ పిల్ల, ఏడుపు మొహం పెట్టుకుని. అంతే, నాకు నవ్వు ఆగలేదు. షాపంతా తిరిగి చూస్తుంటే కడుపు పట్టుకుని నవ్వాను. ఎందుకంటే ఆ క్షణాన సారు నా పక్కనే నిలబడి, జేబులోంచి ఎర్రపెన్ను తీస్తున్నట్టే అనిపించింది.

సారు పోయి మూడేళ్ళయింది.

మాది పినపాకలో మండలాఫీసుకు ఎదురుగా జిరాక్సు, డీటీపీ షాపు. మా నాన్న వాళ్ళు మిరప సాగు కోసం కోస్తా వైపు నుంచి ఇటు వచ్చి ఇక్కడే పాతుకుపోయారు. పొలం సంగతి మా ఆయన చూసుకుంటాడు, షాపు నాది. ఆ షాపు ముందు రేకుల కింద ఒక స్టూలు వేసుకుని సారు అర్జీలు రాసేవారు. సారు అన్నాను కదా అని మేష్టరు అనుకునేరు. ఖమ్మంలో ఒక కాలేజీ లైబ్రరీలో అటెండరుగా చేసి రిటైరైన మనిషి. ఇంటర్ తప్పారు. ఆ మాట ఎవరైనా ఎత్తితే, "ఒక్కసారి కాదు, రెండుసార్లు" అని దిద్దేవారు.

ఆయన చేతిలో ఎప్పుడూ ఒక మూట ఉండేది. ఆయన భార్య, మేం అమ్మగారు అని పిలిచే ఆవిడ, పాత చీర ముక్కలో చుట్టి, మధ్యలో కలరా ఉండలు వేసి, పైన రబ్బరు బ్యాండు బిగించిన లావుపాటి ఇంగ్లీషు పుస్తకం. కాలేజీ వాళ్ళు పాత పుస్తకాలు తూకానికి అమ్మేస్తుంటే, తరాజులోంచి దాన్ని తీసి సంకలో పెట్టుకొచ్చారట. ముప్పై ఏళ్ళు ఆ ఒక్క పుస్తకమే చదివారు. డిక్షనరీ పక్కన పెట్టుకుని, రోజుకు అర పేజీ, ఒక్కో రోజు రెండే లైన్లు. మధ్యలో గ్రీకు అక్షరాలు వస్తే, "గిది దొరకే వదిలేద్దాం" అని దాటేసేవారు.

ఆ పుస్తకం రాసిన దొర రెండు వందల ఏళ్ళ కిందటి ఇంగ్లండు మనిషి. పేరు సారు చాలాసార్లు చెప్పారు. నేను పలికినప్పుడల్లా "గట్ల కాదు బిడ్డా" అని దిద్దేవారు. దిద్దడానికి ఇప్పుడు ఆయన లేరు గనుక నేను కూడా దొర అనే అంటాను. దొర మొదట పాదిరి. ఆ చొక్కా విప్పేసి రాజకీయాల్లోకి దూకాడు. ఓట్లు ఇంకా చాలామందికి కావాలన్నాడు, రాజుగారి సర్కారును పత్రికల్లో కడిగేశాడు, జైలుకు పోయాడు. తన కేసు తనే వాదించుకున్నాడు. ముసలితనంలో రాజద్రోహం కేసు పెడితే జ్యూరీ వాళ్ళు నిమిషాల్లో వదిలేశారు. చివరికి పాదిరీలైన వాళ్ళు పార్లమెంటులో కూర్చోకూడదని ఒక చట్టమే చేశారట ఆయన దెబ్బకు. ఇది చెప్పేటప్పుడు సారు స్టూలు మీద కూర్చోలేకపోయేవారు. లేచి నిలబడి, వచ్చేపోయే ఆటోల వాళ్ళకు కూడా వినబడేట్టు, "ఒక్క మనిషిని ఆపనీకి చట్టం చేసిన్రంటే చూడు! ఒక్క మనిషిని!" అనేవారు. ఆ ఒక్క మనిషి తన మేనమామ అన్నట్టు.

మరి ఆ లావు పుస్తకంలో ఉన్నది రాజకీయం కాదు. మాటల గురించి. కొందరు స్నేహితులు తీరిగ్గా కూర్చుని, ఈ మాట ఎక్కడిది, ఆ మాట ఎక్కడిది అని వాదించుకోవడమే పుస్తకమంతా. సారు టీకొట్టు దగ్గర అందరి గొంతులూ తనే పెట్టి ఆ వాదాలు ఆడి చూపించేవారు. దొరకు బొంగురు గొంతు, స్నేహితుడికి సన్న గొంతు. స్నేహితుడు అడిగే ప్రశ్న ఇంగ్లీషులో, దొర చెప్పే జవాబు ఖమ్మం తెలుగులో. లారీ డ్రైవర్లు టీ చల్లారబెట్టుకుని మరీ వినేవాళ్ళు. దొర ఖమ్మం వాడే అనుకున్న వాళ్ళు కూడా ఉన్నారు.

ఆ పుస్తకంలోంచి సారు పట్టుకున్నది ఒక్కటే. దాన్ని రోజుకు పదిసార్లు చెప్పేవారు. "మాటను పట్టుకొని కిందికి దింపాలె బిడ్డా. కింద ఒక వస్తువన్న ఉండాలె, ఒక పనన్న ఉండాలె. ఏం లేకుంటే అది ఉత్త గాలి. ఆ గాలితోటే పెద్దోళ్ళు చిన్నోళ్ళను తోస్తరు."

ఆయన అర్జీలు రాసే పద్ధతంతా దీని మీదే నడిచేది. జేబులో మూడు పెన్నులు. నల్లది రాయడానికి, నీలిది సంతకాలకి, ఎర్రది అరెస్టుకి. అర్జీ రాయించుకునే మనిషి ముందు కూర్చుంటే, కాగితం మొత్తం మెల్లగా చదివి వినిపించేవారు. అర్థం కాని మాట వస్తే చెయ్యెత్తాలి. చెయ్యెత్తగానే చదువు ఆగిపోవాలి. సారు ఎర్రపెన్నుతో ఆ మాట చుట్టూ గుండ్రంగా గీసి, "అరెస్టు!" అని అరిచేవారు. తర్వాత విచారణ. ఆ మాట కింద ఏముందో తేలితే విడుదల, తేలకపోతే కొట్టివేత. ఒక్క అర్జీకి ఒక పూట పట్టేది. మిగతా అర్జీలు రాసేవాళ్ళు ఆ పూటలో పది రాసి ఇంటికి పోయేవాళ్ళు. నాకు మాత్రం ఒళ్ళు మండేది. నేను టైపు చేసింది మళ్ళీ మళ్ళీ మార్చాలి కదా.

"మీ దొరకు డీటీపీ షాపు లేదు గాబట్టి సరిపోయింది సారూ" అనేదాన్ని.

"ఉంటే నీకంటె ఎక్కువ లొల్లి చేస్తుండె" అని నవ్వేవారు. ఆ నవ్వు ముందు భుజాల్లో మొదలయ్యేది. తర్వాత కడుపు కదిలేది. గొంతులోంచి బయటికి వచ్చేసరికి కళ్ళనిండా నీళ్ళు. నవ్వు అయిపోయాక కళ్ళజోడు తీసి తుడుచుకోవడం, అది తుడుస్తూ మళ్ళీ నవ్వడం.

ఈ పద్ధతి చర్చిలో కూడా వదలలేదు. ఒక ఆదివారం పాస్టరుగారు "కృపాబాహుళ్యము" అని గట్టిగా అనగానే సారు చెయ్యెత్తారు. ప్రసంగం మధ్యలో చెయ్యెత్తిన మనిషిని ఆ చర్చి ఎన్నడూ చూడలేదు. ఆడవాళ్ళ వైపు నుంచి అమ్మగారు దగ్గారు. మళ్ళీ దగ్గారు. మూడోసారి దగ్గేసరికి పక్కావిడ మంచినీళ్ళు ఇచ్చింది. సారు చెయ్యి మాత్రం దిగలేదు. పాస్టరుగారు మంచివారు, ఆగి అర్థం చెప్పారు. మరుసటి వారం నుంచి పెద్ద మాట వచ్చిన ప్రతిసారీ ఆయనే ముందుగా సారు వైపు చూసి, అర్థం చెప్పి, అప్పుడు ముందుకు పోయేవారు. దానివల్ల ప్రార్థన అరగంట ఎక్కువైంది. అమ్మగారు నా దగ్గరికి వచ్చి, "బైబిలు కంటె ఆ దొర పుస్తకమే ఎక్కువ చదువుతడమ్మా. పరలోకంల ఈయనను ఏ గుంపుల నిలబెడ్తరో" అని మొత్తుకునేవారు.

ఒకసారి మాత్రం సారు దిగాలు పడటం చూశాను. కోచింగ్ కాలేజీలో చెప్పే ఒక ఇంగ్లీషు లెక్చరరు ఖమ్మం నుంచి ఏదో పని మీద వచ్చి, జిరాక్సు కోసం ఆగి, ఆ పుస్తకం తిరగేశాడు. మాటల పుట్టుక గురించి దొర చెప్పిన వాటిలో చాలా భాగం తప్పని ఆ తర్వాతి పండితులు తేల్చేశారని, ఇప్పుడు దీన్ని ఎవరూ పట్టించుకోరని చెప్పి, తన కాగితాలు తీసుకుని బస్సెక్కాడు. సారు పుస్తకాన్ని చీర ముక్కలో చుట్టుకుని ఇంటికి పోయారు. నాకు ఆ లెక్చరరు మీద చెప్పలేనంత కోపం వచ్చింది. ముప్పై ఏళ్ళ కాపురం మీద నీళ్ళు పోసి పోయాడనిపించింది. మర్నాడు సారు రారేమో అనుకున్నాను.

తొమ్మిదింటికల్లా వచ్చేశారు, మొహమంతా వెలిగిపోతూ. "రాత్రంత ఆలోచన చేసిన బిడ్డా. తప్పులే, నిజమే. దొర తప్పు దారి పట్టిండు. కాని చూడు, తప్పు దారిల పోయి కూడ మంచి ఊరికే చేరిండు! మాటను చూసి భయపడకు, కింద ఏముందో అడుగు అన్నడు. గా మాట తప్పని ఆ లెక్చరరు అనలే గదా?"

"అనలేదు సారూ."

"మరింకేంది! టీ చెప్పు."

అలాంటి మనిషి జీవితంలో ఒక్కసారి, ఒకే ఒక్కసారి, కాగితం చదవకుండా సంతకం పెట్టారు. ఒక్కసారంటే ముప్పై ఎనిమిది సార్లు. దానికి సగం కారణం నేను.

పినపాకకు లోపల, అడవి మొదలయ్యే దగ్గర ఒక కోయగూడెం ఉంది. ముప్పై ఎనిమిది ఇళ్ళు. తాతల నాటి నుంచి సాగు చేసుకుంటున్న చేలకు కాగితం లేదు. ముందు ఏడాది ఎవరో వచ్చి ఆ చేలల్లో మొక్కలు నాటాలని గుంతలు కూడా తవ్వారు. ఆడవాళ్ళు ఆ గుంతల్లో దిగి కూర్చుంటే ఆగింది. అలాంటి సమయంలో పట్టాల కోసం అర్జీలు తీసుకుంటామని, ఫలానా రోజు ఆఫీసరు గూడేనికే వస్తాడని, ఆ రోజే ఆఖరని కబురొచ్చింది. ఆ రోజు అర్జీ ఇవ్వకపోతే మళ్ళీ ఎప్పుడో ఎవరూ చెప్పలేరు. గూడెం మొత్తం సారును నమ్ముకుంది. వాళ్ళకు చెయ్యెత్తడం నేర్పింది కూడా ఆయనే.

సరిగ్గా దానికి ముందు రోజు సారు మనవరాలు, ఖమ్మంలో చదువుకునే పిల్ల, దొర బొమ్మ ఎక్కడో వెతికి పట్టుకుని సారు ఫోనుకు పంపింది. ముప్పై ఏళ్ళలో మొదటిసారి దొర మొహం చూశారు సారు. ఇంక ఆయన కాళ్ళు నేల మీద నిలిస్తే ఒట్టు. రోడ్డు మీద పోయే వాళ్ళను ఆపి ఫోను చూపిస్తున్నారు. "చూడు, ముక్కు చూడు! కేసులకు భయపడే ముక్కేనా అది?" మండలాఫీసు వాచ్‌మన్, కల్లు అమ్ముకునే ఆయన, టీకాలు వేసే నర్సమ్మ, అందరూ దొర ముక్కు చూశారు.

అదే రోజు కరెంటు పోయింది. ఇన్వర్టరులో ఛార్జింగు కొంచెమే ఉంది. ముప్పై ఎనిమిది అర్జీలు కొట్టాలి.

"సారూ, ముందు చెప్పండి, ఏం రాయాలో" అన్నాను.

"నీ కంప్యూటరుల భూమి అర్జీ పాత ఫార్మాటు ఉంది గదా. పేర్లు, హద్దులు మార్చి కొట్టెయ్ బిడ్డా" అన్నారు, ఫోనులోంచి తలెత్తకుండా.

మా డీటీపీ వాళ్ళ పని గురించి తెలిసిన వాళ్ళెవరికైనా ఇక్కడే అర్థమైపోతుంది. మేం కొత్తగా రాసేది ఏదీ ఉండదు. పాత ఫైలు తెరుస్తాం, పేరు మారుస్తాం, ప్రింటు తీస్తాం. ఆ ఫైలు నాకు కంప్యూటరు అమ్మినాయన దగ్గరి నుంచి వచ్చింది, ఆయనకు ఇంకెవరి దగ్గరి నుంచో. అందులో ఏముందో నేను ఎప్పుడూ చదవలేదు. ముప్పై ఎనిమిది కొట్టాను, ప్రింట్లు తీశాను, ఇన్వర్టరు కూతపెట్టింది. సారు ఎడమ చేత్తో నర్సమ్మకు ఫోను చూపిస్తూ, కుడి చేత్తో సాక్షి సంతకాలు టకటకా పెట్టేశారు.

మర్నాడు పొద్దున ఆటోలో గూడెం పోయాం. అంగన్‌వాడీ వరండాలో ఆఫీసరు కుర్చీ, బల్ల. ఆయన కుర్రవాడే, మంచివాడే, కానీ నాలుగింటికల్లా కొత్తగూడెంలో ఉండాలని వస్తూనే చెప్పాడు. గూడెం వాళ్ళంతా ఎదురుగా కూర్చున్నారు. అందరికంటే ముందు గూడెంలో పెద్ద వయసు అవ్వ, చుట్ట ఆర్పి చెవిలో పెట్టుకుని, మోకాళ్ళ మీద చేతులు వేసుకుని కూర్చుంది. మొదటి అర్జీ ఆమెదే. మూడెకరాలు. నేను చదవడం మొదలుపెట్టాను.

"...గల ప్రభుత్వ భూమిని నేను ఆక్రమించుకొని సాగు చేసుకొనుచున్నాను. కావున దయతలచి..."

అవ్వ చెయ్యెత్తింది.

"ఆక్రమించుకొని అంటే ఏంది?"

సారు వైపు చూశాను. ఆయన మొహం మీద నిన్నటి నవ్వు ఇంకా అలాగే ఉంది, కాని దాని కింద ఏదో కదులుతోంది.

"అంటే... వచ్చి పట్టుకోవడం అవ్వా" అన్నాను.

"ఎవలది పట్టుకొనుడు?"

"సర్కారుది."

"ఎవలు పట్టుకున్నరు?"

"కాగితం ప్రకారం అయితే... నువ్వే" అన్నాను.

అవ్వ లేచి నిలబడింది. "నేనా? మా అత్త ఆ చేన్ల రాళ్ళేరి గట్టు పెట్టింది. నేను ఆ గట్టు మీదనే బిడ్డను కన్న. అప్పుడు ఏ సర్కారోడన్న ఆడ నిలబడి ఉన్నడా? నేను ఎవల చేతులకెళ్ళి గుంజుకున్న? పేరు చెప్పు, పోయి ఇచ్చొస్త."

ఆఫీసరు గడియారం చూసుకున్నాడు. "అమ్మా, అది మామూలు మాటనే. అందరి అర్జీలల్ల గట్లనే ఉంటది. వేలు వెయ్, జల్దీ."

అప్పుడు సారు నోరు విప్పారు. ఆ రోజు ఆయన నోట వచ్చిన మొదటి మాట తలుచుకుంటే నాకు ఇప్పటికీ సిగ్గేస్తుంది, ఆయన తరఫున, నా తరఫున కూడా.

"అవ్వా, ఇయ్యాల ఆఖరు రోజు. వేలు వెయ్. మాట సంగతి తర్వాత చూద్దాం."

అవ్వ సారును పైనుంచి కిందికి చూసింది. అరవలేదు. మెల్లగానే అంది. "సారూ, నువ్వేనా గిట్ల చెప్పేది? తెలవని మాట మీద వేలు పెట్టద్దన్నవ్. ఇప్పుడు నాకు తెలిసింది. తెలిసిన అబద్ధం మీద పెట్టమంటున్నవా?"

సారు నా చేతిలోంచి కాగితం తీసుకున్నారు. ఆ వాక్యం చదివారు. కిందికి వచ్చి తన సంతకం చూశారు. రెండో కాగితం తీశారు, దాని కిందా తన సంతకం. మూడోది. నాలుగోది. భుజాలు కదలడం మొదలైంది. ఏడుస్తున్నారేమోనని భయపడి నేను దగ్గరికి పోయాను. నవ్వుతున్నారు! వరండా మెట్టు మీద కూలబడి, కాగితాలు ఒళ్ళో వేసుకుని, కళ్ళజోడు ఒక చెవికి వేలాడుతుండగా, ఊపిరాడకుండా నవ్వుతున్నారు. "ముప్పై ఎనిమిది సార్లు బిడ్డా! ముప్పై ఏళ్ళు చదివి, ముప్పై ఎనిమిది సార్లు పెట్టిన! అవ్వా, ఒక్క అక్షరం రాకుండ నువ్వు పట్టినవ్. దొర బతికుంటే నీ కాళ్ళకు మొక్కుతుండె!"

లేచి, ఎర్రపెన్ను తీసి, ఎండలో పైకెత్తి, "అరెస్టు!" అని అరిచారు. గూడెమంతా గొల్లున నవ్వింది.

"మరి దాని జాగల ఏం రాయాలె?" అన్నాడు ఆఫీసరు, విసుగ్గా.

"ఆమెనే అడుగున్రి సార్" అన్నారు సారు.

అవ్వ చెప్పింది. మా అత్త రాళ్ళేరిన చేను, నేను దున్నుకుంటున్న. నేను ఆ మాటలే కొట్టివేత పైన రాశాను. ఇంక వరస మొదలైంది. ప్రతి ఇంటివాళ్ళూ తమ చేను గురించి తమ మాటే చెప్పారు. ఒకాయన వాళ్ళ నాన్న మొద్దులు పెకలించాడన్నాడు. ఒకావిడ పందులకు కాపలాగా మంచె మీద పడుకుంటూ పెళ్ళీడుకొచ్చానంది. ఒకాయన తన చేన్లో ఇప్పచెట్టు ఒకటి ఉందని, దానికి కూడా ఏదో ఒకటి రాయాలని పట్టుబట్టాడు. నా చెయ్యి నొప్పెట్టింది. ఆఫీసరు కొట్టివేత కొట్టివేతకూ పక్కన పొట్టి సంతకం పెట్టాలి. పదో కాగితం దగ్గర కొత్తగూడేనికి ఫోను చేసి రాలేనని చెప్పేశాడు. ఇరవయ్యో కాగితం దగ్గర కుర్చీ వదిలి చాప మీదికి దిగి, తనే రాయడం మొదలుపెట్టాడు. "మేడమ్, మీ రాత మెల్లగున్నది" అని నన్ను పక్కకు జరిపాడు కూడా.

అవ్వకు ఇంకా ఒకటి మిగిలింది. కాగితం కింద వేలు పెట్టి చూపించి, "గీడ సారు సంతకం పెట్టిండు గదా, అదేంది?" అంది.

"సాక్షి అవ్వా" అన్నాను.

"సాక్షి అంటే?"

"చూసినవాడు."

అవ్వ సారు వైపు తిరిగింది. "నువ్వు మా చేను చూసినవా?"

సారు గూడెందాకా వందసార్లు వచ్చారు గాని, చేల దాకా ఒక్కసారీ పోలేదు. డెబ్బై దాటిన మనిషి, మోకాళ్ళ నొప్పులు. చెప్పులు చేతిలో పట్టుకుని, "నడువున్రి" అన్నారు. ఇద్దరు ఆడవాళ్ళు ముందు నడిచారు. మేం ఇక్కడ రాస్తూనే ఉన్నాం. అప్పుడప్పుడు దూరంగా చెట్ల మధ్య ఆయన తెల్ల చొక్కా ఒక గట్టు మీద కనబడేది, కాసేపటికి ఇంకో గట్టు మీద. వాగు దాటేటప్పుడు ఆయన అరుపు, ఆడవాళ్ళ నవ్వు ఇక్కడిదాకా వినబడ్డాయి. పొద్దు వాలే వేళకు తిరిగొచ్చారు. పంచె నిండా పల్లేరు కాయలు, మోకాలి దాకా బురద, చేతిలో ఎవరో ఇచ్చిన దోసకాయ. "చూసిన బిడ్డా! ముప్పై ఎనిమిదీ చూసిన! రాళ్ళ గట్టు చూసిన, ఇప్పచెట్టు చూసిన! ఇప్పుడు నేను సాక్షిని!" అని ఆ దోసకాయ ఊపుతూ అరుస్తుంటే, ఇంటర్ పాసైనా ఆయన అంత సంబరపడి ఉండరు.

మళ్ళీ సంతకం పెట్టడానికి నీలిపెన్ను తీయబోతే అవ్వ ఆపింది. "నీ సంతకం శానా జల్దీ పోతది సారూ. వేలు వెయ్."

జీవితంలో మొదటిసారి సారు ఇంకు ప్యాడు మీద బొటనవేలు పెట్టారు. ముప్పై ఎనిమిది సార్లు. ఒక్కో కాగితం మీదా వేలు ఆనించి, నొక్కి, ఎత్తి, గీతలు పడ్డాయో లేదో వంగి చూసుకుని, అప్పుడు ఇంకోటి. చీకటి పడకముందే జీపు కదిలింది, కాగితాలన్నీ తీసుకుని. ఆ ఆదివారం చర్చిలో పాట పాడేటప్పుడు సారు రెండు చేతులూ పైకెత్తారట. ఎందుకంటే బొటనవేలి నీలి రంగు వెనక బెంచీల వాళ్ళకు కూడా కనబడాలని. అమ్మగారు చెప్పారు.

తర్వాత ఏడాదిన్నరకు సారు పోయారు. నిద్రలోనే. పుస్తకం అమ్మగారి దగ్గరే ఉంది.

ఆయన పోయిన నాలుగు నెలలకు ఒక మధ్యాహ్నం అవ్వ నా షాపుకు వచ్చింది. ప్లాస్టిక్ సంచిలోంచి లామినేషన్ చేసిన కాగితం తీసింది. పట్టా. గూడెంలో అందరికీ వచ్చాయట.

"సారు ఏడి?" అంది.

చెప్పాను. గూడేనికి కబురు పంపలేదని అప్పుడు గుర్తొచ్చి నాలుక కరుచుకున్నాను. అవ్వ రేకుల కింద ఖాళీ స్టూలు వైపు చూసింది. తర్వాత, "ఆయన సాక్షి గదా. చదివి వినిపియ్యాలె. నడువ్" అంది.

షాపు మూసేశాను. చర్చి వెనక సమాధుల దగ్గరికి పోయాం. సున్నం వేసిన చిన్న గట్టు ఆయనది. అవ్వ నేల మీద కూర్చుంది. నేను నిలబడి పట్టా చదవడం మొదలుపెట్టాను. ఆమె చెయ్యెత్తిన చోటల్లా ఆగాను, అర్థం చెప్పాను. ఒక మాట నాకూ తెలియలేదు. ఫోనులో వెతికి, అది తప్పేమోనని భయపడి, మండలాఫీసులో తెలిసినాయనకు ఫోను చేసి కనుక్కుని మరీ చెప్పాను. ఎండ నెత్తి మీద కొడుతోంది. నాకు ఏడుపూ వస్తోంది, నవ్వూ వస్తోంది.

"హద్దులు. తూర్పు, వాగు" అని చదివాను.

అవ్వ చెయ్యెత్తింది. "తూరుపు అంటే ఎటు? చూపియ్యి."

చెయ్యి చాపి చూపించాను. అవ్వ పగలబడి నవ్వింది. "అటు దక్షిణం బిడ్డా! ఆయనకు తప్పు చూపిస్తవా?" అని లేచి వచ్చి, నా మణికట్టు పట్టుకుని, చర్చి గోడ మీదుగా, మండలాఫీసు మీదుగా, దూరంగా చెట్లు కనబడే దాకా తిప్పింది.

"అగో, గటు. ఇగ చదువు."

ఆమె తిప్పిన వైపే చెయ్యి చాపి పట్టుకుని, మొదటి నుంచి మళ్ళీ చదివాను.